కల్నల్ బార్లీకి వినపడింది

"గవదబిళ్ళలు!" అని అరిచి, నాన్న టెలిగ్రాం కాగితాన్ని బల్ల మీద విసిరికొట్టాడు. "యాభై రెండేళ్ళ మనిషికి గవదబిళ్ళలేంటి! వాడికి సిగ్గుండక్కర్లా?"

అమ్మ టోస్టుకి వెన్న రాస్తూ తలెత్తలేదు. "పొద్దస్తమానం పిల్లల మధ్య తిరిగేవాడికి పిల్లల జబ్బు కాక ఇంకేం వస్తుంది, వాల్టర్?"

పెర్సీ బాబాయి రాడు. అదీ సంగతి.

నిన్న సాయంత్రం బొగ్గుల బకెట్టు పట్టుకుని పెరటి మెట్ల మీద జారిపడి నాన్న కుడి మణికట్టు విరగ్గొట్టుకున్న దగ్గర్నుంచీ ఇంట్లో అందరి ఆశా ఆయన బదులు బొమ్మని ఆడించగల ఈ బాబాయి మీదే. పోస్టాఫీసు మూసే లోపల పరిగెత్తి టెలిగ్రాం ఇచ్చింది నేనే. జవాబు ఇప్పుడొచ్చింది, పొద్దున్న ఏడున్నరకి. మా రైలు తొమ్మిదింటికి. సాయంత్రం ఐదింటికి లండన్ స్టూడియోలో మా కల్నల్ బార్లీ మొట్టమొదటిసారి టీవీలో కనపడాలి.

కల్నల్ బార్లీ అంటే గాడిద. చేతికి తొడుక్కునే గుడ్డ గాడిద. చూపుడు వేలు తలలో, బొటనవేలు ఒక ముందుకాలిలో, మధ్యవేలు ఇంకో ముందుకాలిలో. మార్గేట్ బీచిలో చిన్న డేరా వేసి మా తాత దాన్ని ఆడించాడు, తాత పోయాక నాన్న ఆడించాడు. టీవీ వాళ్ళు తెలుపు మెరుస్తుంది, పనికిరాదు అన్నారని అమ్మ మొన్ననే దాని ముట్టెని టీ డికాషన్‌లో ముంచి ఆరేసింది. బట్టల తీగ మీద చెవులకి క్లిప్పులు పెట్టించుకుని వేలాడిన ఆ కల్నల్‌ని చూసి నేను పడీపడీ నవ్వాను. ఇప్పుడు నవ్వొచ్చే పరిస్థితి లేదు.

"వాళ్ళకి ఫోన్ చేసి చెప్పేస్తా," అన్నాడు నాన్న. కట్టు కట్టిన చెయ్యి బల్ల మీద రొట్టెముక్కల పక్కన ఇంకో రొట్టెలాగా పడి ఉంది. "రావట్లేదని చెప్పేస్తా. అయిపోయింది."

"నేనున్నాగా," అన్నాను.

ఎలా వచ్చిందో ఆ మాట, వచ్చేసింది.

నాన్న నా వైపు చూశాడు. "నువ్వుంటే?"

"నేను ఆడతాను."

నాన్న నవ్వాడు. కోప్పడినా బావుండేది. "ఎల్సీ, ట్రిగ్ వాళ్ళ ఆడవాళ్ళెవరైనా డేరాలోకి వచ్చారా? మీ మేనత్తని అడుగు, మీ నాయనమ్మని అడుగు..."

"ఇద్దరూ పోయారు నాన్నా, ఎవర్ని అడగను?"

"నోరు! ఆ నోటికి బయట నిలబడటమే సరైన పని."

మా ఇంటి రివాజు అది. మగవాళ్ళు డేరా లోపల, ఆడవాళ్ళు డేరా ముందు. పన్నెండో ఏట నుంచి నేను ముందు నిలబడుతున్నాను. పిల్లల్ని ఇసకలో వరసగా కూర్చోబెట్టాలి. ఏడ్చేవాళ్ళని ఊరుకోబెట్టాలి. కల్నల్ బార్లీ ప్రశ్న అడిగితే, వాళ్ళు గట్టిగా అరిచేలా ఎగదొయ్యాలి. ఆఖర్న టోపీ పట్టుకుని తిరగాలి. పన్నెండేళ్ళు ఆ గాడిద వీపు తప్ప అన్నీ చూశాను. లోపలికి మాత్రం తొంగి చూడనివ్వలేదు.

"దానికి ఆట రాదు," అన్నాడు నాన్న అమ్మతో.

అమ్మ కత్తి పక్కన పెట్టింది. కుయ్యిమంటున్న కెటిల్‌ని పొయ్యి మీంచి దించింది.

"వచ్చు," అంది.

"ఏం వచ్చు?"

"ఆట. మూడేళ్ళ నుంచి చూస్తున్నా. నువ్వు క్లబ్బుకి పోయినప్పుడల్లా మేడ మీద బీరువా అద్దం ముందు నిలబడి, నీ పాత మేజోడు చేతికి తొడుక్కుని ఆడుతుంది."

నా చెవులు వేడెక్కిపోయాయి. అమ్మకి తెలుసా! మూడేళ్ళుగా తెలిసి, టీ కప్పులు కడుక్కుంటూ ఊరుకుందా!

"ఆ బూడిదరంగు మేజోడా?" అన్నాడు నాన్న. "దాని కోసం లాండ్రీ వాళ్ళతో పెద్ద గొడవ పెట్టుకున్నాను నేను!"

"పెట్టుకుంటివి. వెళ్ళి క్షమాపణ చెప్పు. ముందు దాని ఆట చూడు."

 నాన్న ఎడమ చేత్తో సంచిలోంచి కల్నల్‌ని తీసి నా ముందు పడేశాడు. "ఏదీ."

ఇరవై నాలుగేళ్ళ మనిషిని, మొదటిసారి దాన్ని చేతికి తొడుక్కున్నాను. గుడ్డ ఇంకా టీ వాసన కొడుతోంది. వేళ్ళు వాటి చోట్లకి అవే పోయాయి. కల్నల్ బార్లీ బల్ల అంచు మీద తలెత్తి నాన్నని చూశాడు. కట్టుని చూశాడు. మెల్లిగా దాని దగ్గరికి జరిగి వాసన చూసి, ఒళ్ళంతా ఊగేలా తుమ్మాడు. తర్వాత నాన్న ప్లేటులోంచి టోస్టుముక్క రెండు కాళ్ళతో ఎత్తి, పాపం రోగికి తినిపించినట్టు నాన్న నోటి దగ్గర పెట్టాడు.

నాన్న నోరు తెరిచాడు. తెరిచాక కానీ తనేం చేస్తున్నాడో తెలిసినట్టు లేదు.

అమ్మ చప్పుడు కాకుండా నవ్వింది.

"సర్లే," అన్నాడు నాన్న టోస్టు నములుతూ. "చెయ్యి ఫర్వాలేదు. మరి గొంతు? గొంతెక్కడిది నీకు?"

 కల్నల్ గొంతు మా ఇంట్లో తండ్రి కొడుక్కి నేర్పేది. తాత నాన్నకి నేర్పాడు. నాన్నకి కొడుకు లేడు, కాబట్టి ఎవరికీ నేర్పలేదు. అద్దం ముందు కూడా నేను మూగగానే ఆడాను. ఆ గొంతు ఎత్తడానికి ధైర్యం చాల్లేదు.

"గొంతు నువ్వు పెట్టు," అన్నాను. "చెయ్యి నేను పెడతా."

"ఒక్క గాడిదకి ఇద్దరా!"

"క్రిస్మస్ నాటకాల్లో గాడిద వేషానికి ఎప్పుడూ ఇద్దరేగా, వాల్టర్," అంది అమ్మ, టీ పోస్తూ. "ముందుకాళ్ళకొకరు, వెనకకాళ్ళకొకరు. నువ్వు ఏ కాళ్ళో తేల్చుకుంటే సరిపోతుంది."

నాన్న టీ తాగాడు. కప్పు దించాడు. "కోటు వేసుకో," అన్నాడు నాతో. "రైలు మన కోసం ఆగదు."

అమ్మ రాలేదు. మా వీధిలో టీవీ ఉన్నది మిసెస్ పిమ్ ఇంట్లోనే. నాలుగున్నరకల్లా వెళ్ళి ముందు కుర్చీ పట్టుకోవాలని అమ్మ పంతం. గుమ్మం దగ్గర నా కాలరు సర్ది, "చెయ్యి పైకెత్తి పెట్టు, దించకు," అంది. అంతకంటే ఏమీ అనలేదు.

స్టూడియో అంటే ఏదో అనుకున్నాను. పెద్ద గోదాములాగా ఉంది, నేల నిండా తాళ్ళంత లావు వైర్లు. పైన దీపాలు. ఆ వేడికి ఐదు నిమిషాల్లో నా జుట్టు నుదుటికి అతుక్కుపోయింది. అయినా ఎంత సంబరమో! ఒక మూల ఉట్టుట్టి వంటిల్లు, ఇంకో మూల ఉట్టుట్టి తోట, మధ్యలో మా బల్ల. ఛాతీ ఎత్తున గుడ్డ కట్టి ఉంది. బల్ల మీద టీ కప్పు, కేకు, ఒక చివర సన్నటి కర్రకి వేలాడుతూ కారెట్టు. వెనక నాన్నా నేనూ చిన్న స్టూళ్ళ మీద ముడుచుకుని కూర్చోవాలి. నా మోకాలు ఆయన కట్టుకి తగలకుండా కూర్చోవడం ఓ సర్కస్సు.

ఆ కార్యక్రమం నడిపేది మిస్ క్రెస్‌వెల్. నలభై ఏళ్ళుంటాయి, మెళ్ళో స్టాప్‌వాచీ, చెవి వెనక పెన్సిలు. నాన్న కట్టు చూసి కళ్ళు పెద్దవి చేసింది.

"ట్రిగ్ గారూ! ఇదేంటి?"

"బొగ్గులండీ," అన్నాడు నాన్న. "చెయ్యి మా అమ్మాయి పెడుతుంది. గొంతు నాదే. మీకేం తేడా తెలీదు."

"తెలిస్తే కార్యక్రమం ఉండదు," అంది ఆవిడ. కోపంగా కాదు, మామూలుగా చెప్పింది. "ఇక్కడ తప్పు జరిగితే వెనక్కి తిప్పి మళ్ళీ ఆడటం కుదరదు. ఆడింది ఆడినట్టే వెళ్ళిపోతుంది."

రిహార్సల్ మొదలైంది. మా కాళ్ళ దగ్గర నేల మీద చిన్న టీవీ పెట్టె పెట్టారు. కెమెరాకి ఏది కనపడుతుందో అదే అందులో కనపడుతుంది. అయ్యబాబోయ్, అందులో కల్నల్ బార్లీ! మార్గేట్‌లో లోపలున్నవాడికి ఆట కనపడదు, బయటున్నవాళ్ళకే కనపడుతుంది. ఇక్కడ ఆడించే చేతికి తన ఆట తనకే కనపడుతోంది. గట్టిగా కేకెయ్యాలనిపించింది.

"కారెట్టు వైపు," అన్నాడు నాన్న గుసగుసగా.

పెట్టెలో కారెట్టు కుడి పక్కన ఉంది. చెయ్యి కుడికి జరిపాను. కల్నల్ ఎడమకి పోయాడు.

ఇంకా కుడికి జరిపాను. కల్నల్ బల్ల చివరిదాకా పోయి, సగం ముఖం గోడలో కలిసినట్టు మాయమయ్యాడు.

"ఇటు కాదే, అటు!"

"అటే కదా పోతున్నా!"

"అటంటే అటు కాదు, ఇటు!"

పైన గాజు కిటికీ వెనక గదిలో కూర్చున్న మిస్ క్రెస్‌వెల్ గొంతు లౌడ్‌స్పీకర్లో వచ్చింది. "ట్రిగ్ గారూ, మీ గాడిద కారెట్టు దగ్గరికి రావాలండీ, ఊరు విడిచి పోనక్కర్లేదు."

మూడుసార్లు చేశాం. మూడుసార్లూ కల్నల్ కారెట్టుకి వీపు పెట్టి పారిపోయాడు. నాకు ఏడుపొక్కటే తక్కువ. అప్పుడు వెలిగింది. బీరువా అద్దం! అద్దంలో చెయ్యి కుడికి జరిపితే బొమ్మ కుడికే పోతుంది. మూడేళ్ళు నా కళ్ళు అలా అలవాటు పడిపోయాయి. ఈ పెట్టె అద్దం కాదు. ఇది ఎదురుగా కూర్చున్నవాళ్ళ చూపు. నా కుడి వాళ్ళకి ఎడమ. నాన్న కూడా ఆ పెట్టెనే చూస్తూ చెప్తున్నాడు, అందుకే ఆయన "అటు" కూడా తిరగబడింది. డేరాలో చెయ్యెత్తి చూడకుండా ఆడే వంశం మాది, చూడగానే చెడిపోయాం.

మిస్ క్రెస్‌వెల్ మెట్లు దిగి మా దగ్గరికే వచ్చింది. "నాలుగు నలభై. ఇంకొక్కసారి గాడిద తెర మీంచి బయటికి పోయిందో, పిల్లలకి కుందేళ్ళ సినిమా వేసేస్తాను. సిద్ధంగా పెట్టించాను కూడా."

ఆవిడ వెళ్ళిపోయింది. నేను నాన్న ముఖం చూడలేకపోయాను.

నాన్న కోటు విప్పాడు. ఒక చేత్తో విప్పడానికి చాలాసేపు పట్టింది, నేను సాయం చెయ్యబోతే వద్దన్నాడు. ఆ కోటు తీసి టీవీ పెట్టె మీద కప్పేశాడు.

"మనం ఎప్పుడైనా చూసి ఆడామా?" అన్నాడు. "ఏదీ, ఆ నేల మీదున్న సుద్దముక్క ఇవ్వు."

బల్ల అడుగున ఎడమ చేత్తో, వంకరటింకరగా గీతలు గీశాడు. ఒక గీత కప్పుకి, రెండు గీతలు కేకుకి, మూడు గీతలు కారెట్టుకి. "నీ ఎడమ చేతి వేలు ఆ గీత మీద పెట్టు. కుడి చెయ్యి తనే పోతుంది. ఆ పెట్టెతో పని లేదు. మిగతాది చెవితో ఆడు. పిల్లలు ఎలా అరిస్తే అలా పోవాలి. మా నాన్న నాకు అంతే చెప్పాడు."

నాన్న నాకు ఆట గురించి చెప్పిన మొదటి మాటలు అవి. పన్నెండేళ్ళ తర్వాత.  "సరే నాన్నా," అన్నాను.

ఐదు కొట్టింది.

గ్రామఫోను పాట వేశారు. హెడ్‌ఫోన్లు పెట్టుకున్నాయన వేళ్ళతో మూడు, రెండు, ఒకటి అని చూపించాడు. కెమెరా మీద ఎర్ర దీపం వెలిగింది. నా గుండె ఎంత గట్టిగా కొట్టుకుందంటే మైకులో పడుతుందని భయమేసింది.

"మిత్రులారా!" అన్నాడు నాన్న కల్నల్ గొంతుతో. ఆ బొంగురు, ఆ చివర్న చిన్న ఓండ్ర. "కల్నల్ బార్లీ హాజర్!"

నా చెయ్యి లేచింది. ఆ ఒక్క క్షణం తర్వాత నాకు భయం లేదు. ఏమైపోయిందో తెలీదు, లేదు. ఒక గీత, కప్పు. కల్నల్ టీ తాగాడు, వేడికి గెంతాడు. రెండు గీతలు, కేకు. కేకు మీద కూర్చున్నాడు, కూర్చున్నట్టు తెలిసి మెల్లిగా లేచాడు, వెనక ఎవరైనా చూశారేమోనని చూసుకున్నాడు. కెమెరా వెనకున్నాయన భుజాలు నవ్వుకి ఊగుతున్నాయని గుడ్డ సందులోంచి కనపడింది. నాన్న గొంతు, నా చెయ్యి, మధ్యలో వెంట్రుకంత సందు లేదు. ఆయన ఊపిరి పీల్చుకోగానే ఏం అంటాడో నా వేళ్ళకి తెలిసిపోయేది.

"అయితే మిత్రులారా," అన్నాడు నాన్న, "నా కారెట్టు ఏది? నా కారెట్టు ఎవరైనా చూశారా?"

ఇది మా ఆటకి ప్రాణం. కారెట్టు కల్నల్ వెనకే వేలాడుతుంది. మార్గేట్‌లో ఈ మాట అనగానే ఇసకలో కూర్చున్న పిల్లలందరూ లేచి నిలబడి "వెనకాల!" అని అరుస్తారు. ఒకసారి అరిస్తే చాలదు. మూడుసార్లు అరిచేదాకా గాడిద తిరగకూడదు, మాట్లాడకూడదు. మా తాత పెట్టిన నియమం. నలభై ఏళ్ళలో నాన్న దాన్ని ఒక్కసారి తప్పలేదు.

నాన్న అరుపు కోసం ఆగాడు.

అరుపు రాలేదు.

ఎలా వస్తుంది? స్టూడియోలో పిల్లలెక్కడున్నారు? దీపాలు సన్నగా గుయ్యిమంటున్నాయి. ఎక్కడో ఒక బూటు కిర్రుమంది. పిల్లలందరూ వాళ్ళవాళ్ళ ఇళ్ళల్లో, కర్టెన్లు వేసుకుని, మాకు వినపడనంత దూరంలో ఉన్నారు. రిహార్సల్లో ఈ ప్రశ్న మేం వెయ్యనే లేదు. గాడిద పారిపోవడంతోనే సరిపోయింది.

ఒక సెకను. రెండు. నేను నాన్నని చూశాను. నోరు సగం తెరిచి, తల ఒక పక్కకి వంచి, నిజంగానే వింటున్నాడు. చెవితో ఆడే మనిషికి చెవిలో ఏమీ పడటం లేదు. ముఖం తెల్లగా పాలిపోయింది. మోచేత్తో పొడిచాను. కదల్లేదు. మూడు సెకన్లు. నాలుగు. గాజు కిటికీ అవతల మిస్ క్రెస్‌వెల్ లేచి నిలబడింది. కుందేళ్ళు వచ్చేస్తున్నాయి.

నేను ఆలోచించలేదు. ఆలోచించానంటే అబద్ధం. నా బొటనవేలు, అంటే కల్నల్ ముందుకాలు, పైకి లేచి వాలిపోయిన పొడుగాటి చెవిని మెల్లిగా పైకెత్తింది. కల్నల్ ఒంగాడు. కెమెరా వైపు, ఇంకా కెమెరా వైపు, చెవి దాని గాజు కంటికి ఆనించేటంత దగ్గరికి. వింటున్నాడు. దూరంగా, చాలా దూరంగా ఎవరో అంటున్న మాట వింటున్నాడు. తల అడ్డంగా ఊపాడు, వినపడలేదని. రెండో కాలితో రెండో చెవి కూడా ఎత్తాడు.

నాన్న నా చెయ్యి చూశాడు. పైకి చూశాడు. ఆయన కళ్ళల్లో దీపం పెట్టినట్టు వెలుగొచ్చింది.

"ఏంటీ?" అన్నాడు కల్నల్ గొంతుతో. "ఏమంటున్నారు? గట్టిగా!"

కల్నల్ విన్నాడు.

"ఇంకా గట్టిగా! ఆ మూలింట్లో వాళ్ళు అస్సలు అరవడం లేదు! ఆ, అదీ! వెన... వెన... ఏంటి, వెన్నముద్దా?"

కల్నల్ చెవులు వదిలేసి అడ్డంగా తలూపాడు, కాదు కాదు అని తనే కాలితో బల్ల కొట్టాడు. నాన్న పొట్ట పట్టుకుని నవ్వు ఆపుకుంటున్నాడు, నేను పళ్ళ బిగువున ఆపుకుంటున్నాను. మూడోసారికి "వెనకాల!" అని కల్నల్‌కి వినపడింది. గిర్రున తిరిగాడు. మూడు గీతలు. కారెట్టు. ఒక్క కొరుకు కొరికేసరికి కర్రా కారెట్టూ కలిసి కింద నా నెత్తిన పడ్డాయి. పడనీ! గ్రామఫోను మొదలైంది. ఎర్ర దీపం ఆరింది.

స్టూడియో అంతా ఒక్కసారి చప్పట్లు. నాన్న బాగున్న చేత్తో నన్ను దగ్గరికి లాక్కుని నా తల మీద ముద్దుపెట్టుకున్నాడు. నేను పసిపిల్లనప్పటి నుంచి అలా ముద్దుపెట్టుకున్నది గుర్తు లేదు. "గాడిదా!" అన్నాడు. "ఓసి గాడిదా!" ఇద్దరం నవ్వుతూ ఏడ్చాం, కారెట్టు ముక్కలు నా జుట్టులో ఉండగానే.

మిస్ క్రెస్‌వెల్ పరిగెత్తుకుంటూ వచ్చింది. చెవి వెనక పెన్సిలు ఎక్కడో పడిపోయింది.

"ఫోన్లు!" అంది. "ఆగకుండా మోగుతున్నాయి! క్రాయిడన్ నుంచి ఒకావిడ, వాళ్ళ కవలలు గొంతులు పోయేలా అరిచారట. కల్నల్‌కి ముందు ఎవరి మాట వినపడిందో చెప్పమని ఏడుస్తున్నారట, చెప్పందే అన్నం తినరట! ఇంకొకాయన, వాళ్ళ అబ్బాయి కుర్చీ ఎక్కి టీవీకి నోరు ఆనించి అరిచాడట! మిసెస్ పిమ్ అని ఎవరో మార్గేట్ నుంచి, వీధంతా వినపడిందట!"

అమ్మ కూడా అరిచిందేమో అనుకున్నాను. ఎంత సంతోషమో నాకు!

"ట్రిగ్ గారూ, కూర్చోండి," అంది ఆవిడ. తను మాత్రం కూర్చోలేదు. "పదమూడు శుక్రవారాలు ఇస్తాను మీ గాడిదకి. పై వాళ్ళతో ఇప్పుడే మాట్లాడి వచ్చాను. కానీ ఒకటే షరతు. ఆ వినడం ఉండాలి. అటుపక్క పిల్లలున్నారని ఇన్నేళ్ళలో ఈ స్టూడియోలో ఎవరికీ తట్టలేదు, నాకూ తట్టలేదు. అది ఎవరికి తట్టిందో వాళ్ళే ప్రతివారం ఆ బల్ల వెనక ఉండాలి. ఎవరు?"

"నేనే," అన్నాడు నాన్న.

ఇంకా నవ్వుతూనే అన్నాడు. చెమట తుడుచుకుంటూ, ఇంత చిన్న విషయం అడగాలా అన్నట్టు అన్నాడు.

"నలభై ఏళ్ళ పద్ధతండీ మాది. పిల్లల మాట వినకుండా మా గాడిద అడుగు వెయ్యదు. అమ్మాయికి నేనే చెప్పాను, చెవితో ఆడు అని. ఆరు వారాల్లో కట్టు విప్పుతారు. అప్పటిదాకా ఇది చెయ్యి సాయం చేస్తుంది, ఆ తర్వాత నేనే."

నా నవ్వు ముఖం మీదే ఆగిపోయింది.

అబద్ధమా అంటే పూర్తిగా అబద్ధం కాదు. చెవితో ఆడు అన్నది ఆయనే. సుద్ద గీతలు ఆయనవే. అరుపు కోసం ఆగింది ఆయనే, ఆ ఆగడమే లేకపోతే నేను వినేదాన్నే కాదు. ఇవన్నీ నాకు తెలుసు. కానీ ఆ నాలుగు సెకన్లు ఆయన నోరు తెరుచుకుని కూర్చున్నాడు, ఆ చెవి ఎత్తింది నా వేలు. ఐదు నిమిషాల కింద నా తల మీద ముద్దు పెట్టుకున్నప్పుడు ఆయనకీ తెలుసు ఆ సంగతి.

"అవునా, మిస్ ట్రిగ్?" అంది మిస్ క్రెస్‌వెల్. నన్నే చూస్తోంది. తెలివైన కళ్ళు. గాజు కిటికీ అవతల నుంచి ఆవిడ ఎంత చూసిందో నాకు తెలీదు.

అవును అంటే అయిపోయేది. ఆరు వారాలు ఆడి, మళ్ళీ ఇసకలోకి వెళ్ళి నిలబడేదాన్ని. నాన్న ముఖంలో ఆ వెలుగు అలాగే ఉండేది. రైల్లో ఇద్దరం శాండ్‌విచ్‌లు తింటూ నవ్వుకుంటూ వెళ్ళేవాళ్ళం. నాన్న నా వైపు తిరిగి కొంచెం తలూపాడు, అవునను అన్నట్టు. బతిమాలినట్టు కూడా ఉంది.

"లేదండీ," అన్నాను.

నాన్న తలూపడం ఆపాడు.

"నాన్న ఆగిపోయాడు. ఆ చెవి నేనెత్తాను."

వైర్లు చుడుతున్న మనుషులు కూడా చుట్టడం ఆపారు. నాన్న నన్ను తిడతాడనుకున్నాను. తిట్టలేదు. పెట్టె మీద నుంచి కోటు తీసుకున్నాడు, ఒక చెయ్యి దూర్చాడు, రెండో చెయ్యి దూరక భుజం మీద వేసుకున్నాడు. అంతసేపూ నేలకేసే చూశాడు. ఆయన అంత ముసలివాడని నాకు ఆ రోజుదాకా తెలీదు.

"అలాగా," అన్నాడు చివరికి. గొంతు మామూలుగానే ఉంది. "అయితే వచ్చే శుక్రవారం గొంతు కూడా నువ్వే తెచ్చుకో."

అని తలుపు వైపు నడిచాడు.

కల్నల్ బార్లీ ఇంకా నా చేతికే ఉన్నాడు. తీసేయాలని కూడా తోచలేదు. మిస్ క్రెస్‌వెల్ నాన్న వెళ్తున్న వైపు చూసి, నా వైపు చూసి, గొంతు తగ్గించి అడిగింది.

"ఆ గొంతు మీకు వచ్చా?"

నా జీవితంలో ఒక్కసారైనా ఎత్తని గొంతు అది.

"వచ్చు," అన్నాను, ఆ గోదామంతా వినపడేంత గట్టిగా.

తలుపు దగ్గర నాన్న అడుగులు ఆగాయి.